సోనౌలి మీదుగా నేపాల్: మనవాళ్ళు తరచుగా అడిగే ప్రశ్నలు

ఉద్యోగరీత్యా కొన్నేళ్ళు గోరఖ్‌పూర్‌లో ఉన్నాను. ఊళ్ళో ఎవరు ముక్తినాథ్ బయల్దేరినా, ఎవరి నాన్నగారు పశుపతినాథ్ చూడాలన్నా నాకు ఫోన్ వచ్చేది. ఆ ఊరు వదిలి చాలాకాలమైనా ఫోన్లు ఆగలేదు. ప్రశ్నలు మాత్రం ఎప్పుడూ అవే. అందుకే జవాబులన్నీ ఒకచోట రాసిపెడుతున్నాను. ఫీజులు, టైమింగ్స్ లాంటివి మారుతూ ఉంటాయి కనుక వాటి అంకెలు ఇవ్వడం లేదు. మారని సంగతులే ఎక్కువ చెప్తాను.

సోనౌలి ఎక్కడుంది? సునౌలి, బేలహియా, భైరహవా అని కూడా అంటారు, ఇవన్నీ ఒకటేనా?

సోనౌలి ఉత్తరప్రదేశ్‌లో, మహరాజ్‌గంజ్ జిల్లాలో ఉంది. గోరఖ్‌పూర్ నుంచి ఉత్తరంగా దాదాపు 100 కిలోమీటర్లు. కొందరు సునౌలి అని పలుకుతారు, కొందరు సోనౌలి అని రాస్తారు. రెండూ ఒకే ఊరు. గేటు దాటగానే నేపాల్ వైపు తగిలేది బేలహియా. అక్కణ్ణుంచి నాలుగు కిలోమీటర్ల లోపే సిద్ధార్థనగర్ వస్తుంది. దాని పాత పేరు భైరహవా, జనం ఇప్పటికీ ఆ పేరే వాడతారు. బస్సు టికెట్ మీద భైరహవా అనీ, మ్యాప్‌లో సిద్ధార్థనగర్ అనీ కనిపిస్తే కంగారుపడకండి.

ఇంత చిన్న ఊళ్ళో అంత రద్దీ ఎందుకు?

సోనౌలి ఊరంతా ఒకటే రోడ్డు. దానికి రెండు పక్కలా దుకాణాలు, లాడ్జీలు, నోట్లు మార్చే బల్లలు, బస్సుల కోసం కేకలు. ఆ ఒక్క రోడ్డు మీదే ఒక దేశానికి కావాల్సిన సరుకు నడుస్తుంది. నేపాల్‌కు సముద్రం లేదు. పెట్రోలు, మందులు, బట్టలు, యంత్రాల విడిభాగాలు చాలావరకు మన దేశం మీదుగానే వెళ్ళాలి. బిహార్ సరిహద్దు దగ్గరున్న బీర్‌గంజ్ తర్వాత పెద్ద భన్సార్లలో భైరహవా ఒకటి. భన్సార్ అంటే కస్టమ్స్ ఆఫీసు. ఈ మాట గుర్తుపెట్టుకోండి, అక్కడ పదిసార్లు వింటారు. సరుకు లారీలు వరస కట్టాయంటే మన వైపున్న నౌతన్వా ఊరి దిక్కుగా కిలోమీటర్ల కొద్దీ నిలబడిపోతాయి. లారీ కింద ఊయల కట్టుకుని నిద్రపోయే డ్రైవర్లను, టైరు పక్కనే స్టవ్ పెట్టి రొట్టెలు కాల్చుకునేవాళ్ళను చాలాసార్లు చూశాను. వాళ్ళది రెండు మూడు గంటల నిరీక్షణ కాదు, ఒక్కోసారి రోజులు పడుతుంది.

దీనికి తోడు జనం. 1950లో కుదిరిన శాంతి స్నేహ ఒప్పందం వల్ల భారతీయులు, నేపాలీలు వీసా లేకుండా అటూ ఇటూ తిరగవచ్చు, పని చేసుకోవచ్చు. హైదరాబాద్, బెంగళూరు అపార్ట్‌మెంట్లలో కాపలా కాసే, హోటళ్ళలో వండే నేపాలీ కుర్రాళ్ళలో ఎంతోమంది ఈ గేటు దాటే వచ్చారు. దసరాకు (వాళ్ళకు దశైన్ పెద్ద పండుగ), దీపావళి నాటి తిహార్‌కు వాళ్ళంతా ఒక్కసారిగా ఇళ్ళకు బయల్దేరతారు. సంక్రాంతికి ముందు విజయవాడ బస్టాండు ఎలా ఉంటుందో అలా ఉంటుంది. ఆ వారం పది రోజులు మీ యాత్ర పెట్టుకోకపోవడమే మంచిది.

సరుకు లారీలను ఊరి రోడ్డు మీద నుంచి తప్పించడానికి రెండు వైపులా సమీకృత చెక్‌పోస్టులు (కస్టమ్స్, ఇమిగ్రేషన్ పనులన్నీ ఒకేచోట జరిగేవి) కడుతున్నారు. 2023 జూన్‌లో ఇద్దరు ప్రధానుల సమక్షంలో వాటికి శంకుస్థాపన జరిగింది. అవి పూర్తిగా పనిలోకి వస్తే ఊరు కాస్త ఊపిరి పీల్చుకుంటుంది.

ఈ సరిహద్దు ఇక్కడే ఎందుకు పడింది?

ఎవరూ అడగరు గానీ నాకు ఇష్టమైన ప్రశ్న ఇది. సోనౌలి నుంచి పాతిక కిలోమీటర్లు పోతే కొండల మొదట్లో బుట్వల్ ఉంది. ఆ బుట్వల్, దాని పక్కనున్న స్యూరాజ్ ఎవరివన్న తగాదాతోనే 1814లో ఈస్టిండియా కంపెనీకీ, నేపాల్‌ను ఏలుతున్న గూర్ఖాలకూ యుద్ధం మొదలైంది. 1816లో సుగౌలి సంధితో అది ముగిసింది. ఇప్పటి సరిహద్దుకు పునాది ఆ సంధే. గూర్ఖా సైనికుల ధైర్యం చూసి కంపెనీ వాళ్ళను తన సైన్యంలో చేర్చుకోవడం కూడా ఆ యుద్ధంతోనే మొదలైంది. గోరఖ్‌పూర్‌లో ఇప్పటికీ గూర్ఖా రిక్రూటింగ్ డిపో ఉంది. కొండల నుంచి సైన్యంలో చేరడానికి కుర్రాళ్ళు ఒకప్పుడు ఈ రోడ్డు మీదుగానే వచ్చేవారు. పెన్షన్ పనుల మీద వచ్చే ముసలి సిపాయిలు ఇప్పటికీ కనిపిస్తారు.

మన తెలుగువాళ్ళు ఇటువైపు ఎందుకు ఎక్కువగా వస్తారు?

మూడు కారణాలు. వైష్ణవులకు ముక్తినాథ్ 108 దివ్యదేశాల్లో ఒకటి. మనం పూజగదిలో పెట్టుకునే సాలగ్రామాలు పుట్టేది అక్కడి గండకీ నదిలోనే. ఆ గుడి దాదాపు 3,700 మీటర్ల ఎత్తులో ఉంటుంది. అక్కడికి పోఖరా మీదుగా వెళ్ళాలి. పోఖరాకు దారి సోనౌలి నుంచి మొదలయ్యే సిద్ధార్థ రాజమార్గం, దాదాపు 180 కిలోమీటర్లు. రెండోది కాఠ్‌మాండూ పశుపతినాథ్. మూడోది బుద్ధుడు పుట్టిన లుంబినీ. కాశీ, అయోధ్య చూసుకుని గోరఖ్‌పూర్ చేరినవాళ్ళకు ఈ మూడింటికీ సోనౌలే దగ్గరి ద్వారం.

తెలుగు రాష్ట్రాల నుంచి సోనౌలి చేరడం ఎలా?

రైలైతే గోరఖ్‌పూర్‌లో దిగాలి. విజయవాడ, వరంగల్ మీదుగా వచ్చే రప్తీసాగర్ ఎక్స్‌ప్రెస్ ఉంది. హైదరాబాద్ వైపు నుంచి కూడా గోరఖ్‌పూర్‌కు రైలు ఉంది. గోరఖ్‌పూర్ స్టేషన్ బయట నుంచే సోనౌలికి బస్సులు, షేర్ జీపులు దొరుకుతాయి. ప్రయాణం మూడు గంటలు అనుకోండి. నౌతన్వా దాకా ప్యాసింజర్ రైలు కూడా ఉంది. అక్కణ్ణుంచి సరిహద్దు ఎనిమిది కిలోమీటర్లు, ఆటోలో వెళ్ళిపోవచ్చు. సామాను తక్కువైతే నాకు ఈ పద్ధతే నచ్చుతుంది. చెరుకు తోటలు, వరిపొలాల మధ్య నుంచి సాగే ప్రయాణం.

వీసా కావాలా? పాస్‌పోర్టు లేదు, వెళ్ళనిస్తారా?

భారతీయులకు వీసా అక్కర్లేదు, పాస్‌పోర్టూ తప్పనిసరి కాదు. కానీ పాస్‌పోర్టు గానీ ఎన్నికల సంఘం ఇచ్చిన ఓటరు కార్డు గానీ, రెండిట్లో ఒకటి ఒరిజినల్ చేతిలో ఉండాలి. జిరాక్సు చెల్లదు, ఫోన్‌లో ఫొటో అసలే చెల్లదు.

ఆధార్ సంగతి ఇక్కడే చెప్పాలి. మనవాళ్ళ టెన్షన్ అంతా దానితోనే. 15 ఏళ్ళ లోపు పిల్లలు, 65 దాటిన పెద్దలు ఆధార్, పాన్, డ్రైవింగ్ లైసెన్సు లాంటి ఫొటో ఉన్న కార్డు ఏదైనా చూపించవచ్చు. మధ్య వయసువాళ్ళకు మాత్రం ఆధార్ ఒక్కటే సరిపోదు. "మా పక్కింటివాళ్ళు ఆధార్‌తోనే వెళ్ళొచ్చారు కదా" అంటారు. నిజమే, నడిచి దాటేవాళ్ళను ఒక్కోరోజు ఎవరూ అడగరు. మరో రోజు వరసలో ఒక్కొక్కరినీ ఆపి అడుగుతారు. రెండు వేల కిలోమీటర్లు వచ్చాక ఆ మరో రోజు మీదే అయితే ఏం చేస్తారు? పైగా తిరుగు ప్రయాణం కాఠ్‌మాండూ నుంచి విమానంలో అయితే కౌంటర్ దగ్గర కచ్చితంగా చూస్తారు.

కుటుంబమంతా కలిసి వెళ్తే పెద్దవాళ్ళలో ఒకరికి పాస్‌పోర్టో ఓటరు కార్డో ఉంటే చాలు. మిగతావాళ్ళు ఫొటో ఉండి, బంధుత్వం తెలిపే కార్డులు చూపించవచ్చన్న వెసులుబాటు ఉంది. 15 నుంచి 18 ఏళ్ళ పిల్లలకు బడి ప్రిన్సిపాల్ నిర్ణీత నమూనాలో ఇచ్చే గుర్తింపు పత్రం చెల్లుతుంది. అయినా నా మాట ఒకటే: అందరికీ ఓటరు కార్డులు వెతికి బయటికి తీయండి. మా అమ్మ కార్డు మీద ఫొటో వెలిసిపోయి మొహం ఆనవాలు పట్టలేనట్టు ఉండేది. గేటు దగ్గర జవాను దాన్ని వెలుగులో పెట్టి రెండువైపులా తిప్పి చూసి, అమ్మ పేరు కూడబలుక్కుని చదివి, "మాతాజీ, వెళ్ళొచ్చాక కొత్తది తీసుకోండి" అని పంపించాడు. ఆ అర నిమిషంలో అమ్మ చెయ్యి నా మోచేతిని పట్టుకున్న గట్టితనం ఇప్పటికీ గుర్తుంది.

అమెరికా పౌరసత్వం ఉన్న మా అబ్బాయి మాతో రావచ్చా?

రావచ్చు, కానీ అతని దారి వేరు. ఓసీఐ కార్డు (విదేశీ పౌరసత్వం తీసుకున్న మనవాళ్ళకు భారత ప్రభుత్వం ఇచ్చేది) ఉన్నా నేపాల్ దృష్టిలో అతను విదేశీయుడే. ముందు సోనౌలిలో మన ఇమిగ్రేషన్ ఆఫీసుకెళ్ళి దేశం విడిచినట్టు ముద్ర వేయించుకోవాలి. తర్వాత బేలహియాలో వీసా తీసుకోవాలి. ఎన్ని రోజులుంటారన్నదాన్ని బట్టి ఫీజు ఉంటుంది. మన వైపు ఇమిగ్రేషన్ ఆఫీసు బజారులో కలిసిపోయి కనిపించీ కనిపించనట్టు ఉంటుంది. మాటల్లో పడి దాన్ని దాటేసి నేరుగా నేపాల్‌లోకి నడిచి వెళ్ళిపోయినవాళ్ళు ఉన్నారు. ఎవరూ ఆపకపోవడమే దానికి కారణం. ముద్ర లేకుండా దాటితే తిరిగి వచ్చేటప్పుడు పెద్ద చిక్కు. ఇక ఇ-వీసా మీద భారత్ వచ్చినవాళ్ళు, రోడ్డు మార్గంలో తిరిగి లోపలికి రావచ్చో లేదో బయల్దేరకముందే నిర్ధారించుకోవాలి.

దాటేటప్పుడు నిజంగా ఎలా ఉంటుంది?

మనకు సరిహద్దు అంటే ముళ్ళకంచె, తుపాకులు, నిశ్శబ్దం అనే ఊహ ఉంటుంది. ఇక్కడ కంచె లేదు. 1,751 కిలోమీటర్ల భారత్-నేపాల్ సరిహద్దు పొడవునా ఇదే తీరు. మన వైపు కాపలా సశస్త్ర సీమా బల్‌ది, అటువైపు నేపాల్ సాయుధ పోలీసులది.

తెల్లవారుజామున ఆరింటికి వెళ్ళి నిలబడండి. మన వైపు ఒక గేటు, వంద అడుగుల్లో వాళ్ళ గేటు. మధ్యలో ఈ-రిక్షాల హారన్లు. యూనిఫాంలో బడిపిల్లలు సైకిళ్ళ మీద అటు నుంచి ఇటు వస్తుంటారు. పాలడబ్బాలు కట్టుకున్న మోటారు సైకిలు ఇటు నుంచి అటు పోతుంది. ఒకసారి ఒక నేపాలీ అవ్వ ఐదు కిలోల పంచదార సంచి నెత్తిన పెట్టుకుని నా ముందు నడిచింది. పోలీసు సంచి మీద చెయ్యేసి తట్టి చూశాడు. ఆవిడ ఆగలేదు, అడుగు కూడా తడబడలేదు. రోజూ చేసే పని. అతనూ నవ్వి వదిలేశాడు.

రెండు గేట్ల మధ్యనున్న ఖాళీ నేలను దశగజా అంటారు. పది గజాలు అని అర్థం. అది ఎవరి సొంతమూ కాదు. మన పల్లెల్లో పొలిమేర దగ్గర అమ్మవారు ఉంటుందని చెప్పులు విడిచి దణ్ణం పెట్టే పెద్దవాళ్ళు మా బృందంలో ఉండేవారు. వాళ్ళలో ఒకాయన ఇక్కడా ఒక్క క్షణం ఆగి కళ్ళకద్దుకున్నాడు. నాకు అది సరిగ్గా అనిపించింది.

ఆ పది గజాల్లోనే మీ ఫోన్ గడియారం కూడా మారుతుంది. నేపాల్ టైము మనకన్నా 15 నిమిషాలు ముందు. నేపాల్ నెట్‌వర్క్ తగలగానే 6:10 కాస్తా 6:25 అవుతుంది. బస్సు టైము అడిగేటప్పుడు ఏ దేశపు టైమో కూడా అడగండి. పావుగంట తేడాతో బస్సు తప్పిపోయినవాళ్ళు ఉన్నారు.

సొంత కారులో వెళ్ళవచ్చా?

తప్పకుండా. హైదరాబాద్, గుంటూరు, విశాఖ బండ్లు అక్కడ చాలా కనిపిస్తాయి. పని రెండు ముక్కల్లో చెప్పాలంటే: బేలహియాలో భన్సార్ (కస్టమ్స్ రుసుము) కట్టాలి, రవాణా పర్మిట్ తీసుకోవాలి. ఎన్ని రోజులుంటారో ముందే చెప్పి రోజుల లెక్కన డబ్బు నేపాలీ రూపాయల్లో కట్టాలి. ఆర్సీ, డ్రైవింగ్ లైసెన్సు, ఇన్సూరెన్సు, పొల్యూషన్ సర్టిఫికెట్, డ్రైవరు గుర్తింపు కార్డు ఒరిజినల్స్‌తో పాటు రెండేసి జిరాక్సులు పెట్టుకోండి. బండి మీ పేరు మీద లేకపోతే యజమాని సంతకంతో అనుమతి పత్రం తప్పనిసరి. తమ్ముడి కారు, మామయ్య కారు అని నోటిమాట చెబితే కుదరదు.

రోజుల లెక్కలో పిసినారితనం వద్దు. నాలుగు రోజులకు కట్టి ఆరో రోజు వస్తే జరిమానా పడుతుంది. కొండదారిలో చరియ విరిగిపడితే రెండు రోజులు ఇట్టే గడిచిపోతాయి. ఒక రోజు ఎక్కువే కట్టండి. మొత్తం మీద ఏడాదిలో 30 రోజులకు మించి మన బండి అక్కడ ఉండకూడదు. ఏడాది అంటే వాళ్ళ ఆర్థిక సంవత్సరం, జులై మధ్యలో మొదలవుతుంది.

పర్మిట్ కాగితం మీద తేదీ చూసి చాలామంది బెంబేలెత్తుతారు. 2082 అనో 2083 అనో ఉంటుంది. అది విక్రమ సంవత్ లెక్క, మన వాడుక క్యాలెండరు కన్నా దాదాపు 57 ఏళ్ళు ముందు. నెలల పేర్లు కూడా వేరు. కౌంటర్ దగ్గరే "మా లెక్కలో ఏ తేదీ దాకా?" అని అడిగి ఆ కాగితం వెనక రాసుకోండి. దారిలో పోలీసులు అడిగేది ఆ కాగితమే. తిరిగి వచ్చేటప్పుడు గేటు దగ్గర అప్పగించాల్సిందీ అదే. ప్లాస్టిక్ కవర్లో పెట్టి, బండిలో ఎక్కడుందో ఇద్దరికి తెలిసేలా ఉంచండి.

పసుపు నంబరు ప్లేటు టాక్సీలకు, టూరిస్టు బస్సులకు నియమాలు వేరు, కాగితాలూ ఎక్కువ. బస్సు మాట్లాడుకునేటప్పుడే యజమానికి నేపాల్ పర్మిట్ అనుభవం ఉందో లేదో అడగండి.

ఏ వేళకు చేరుకుంటే త్వరగా దాటవచ్చు?

తెల్లవారుజామున. గోరఖ్‌పూర్‌లో నాలుగింటికి బయల్దేరితే ఏడు లోపు గేటు దగ్గర ఉంటారు. పది దాటిందంటే ఎండ, లారీలు, మార్కెట్ జనం అన్నీ కలుస్తాయి. చలికాలంలో తరాయి (కొండల కింది మైదానం) పొగమంచు ఒక సమస్య. డిసెంబరు చివర, జనవరిలో ఎదుటి బండి లైట్లు కూడా కనబడవు. అప్పుడు మాత్రం మంచు విడిచేదాకా ఆగండి. రాత్రిపూట కాగితాల పని పెట్టుకోవద్దు. పెద్దవాళ్ళుంటే కారును వరసలో వదిలి, వాళ్ళను ఈ-రిక్షాలో అటు చేర్చి టీ దుకాణంలో కూర్చోబెట్టడం మంచి పద్ధతి. ముందు గుర్తింపు కార్డులు వాళ్ళ చేతికివ్వడం మర్చిపోకండి.

డబ్బు సంగతి?

ఒక భారత రూపాయికి 1.60 నేపాలీ రూపాయలు. 1993 నుంచి ఇదే రేటు, మారలేదు. అందుకే లెక్క తేలిక: మన వందకు వాళ్ళ నూటఅరవై. దుకాణంలో ధర చెప్పగానే "ఐసీ యా ఎన్‌సీ?" అని అడగండి. ఐసీ అంటే మన రూపాయి, ఎన్‌సీ అంటే వాళ్ళది. ఈ ఒక్క ప్రశ్నతో సగం గొడవలు తప్పుతాయి.

నోట్లు మాత్రం వందవి పట్టుకెళ్ళండి. 2018 డిసెంబరులో నేపాల్ ప్రభుత్వం వంద కన్నా పెద్ద భారత నోట్లను నిషేధించింది. తర్వాత సడలింపుల వైపు అడుగులు పడ్డాయి కానీ కొండల్లో టీ కొట్టువాడు ఆ కబుర్లు వినడు, ఐదొందల నోటు వెనక్కి నెట్టేస్తాడు. 2024 మార్చి నుంచి మన యూపీఐతో అక్కడి ఫోన్‌పే క్యూఆర్ కోడ్‌లకు చెల్లించే వీలు వచ్చింది. ఈ ఫోన్‌పే నేపాల్ కంపెనీ, మన యాప్‌తో సంబంధం లేదు. భైరహవా, పోఖరా దుకాణాల్లో బాగా పనికొస్తుంది. దానికి అక్కడ ఇంటర్నెట్ ఉండాలి. మన సిమ్ సరిహద్దు దాటి కొంచెం దూరం వరకే పలుకుతుంది, తర్వాత ఇంటర్నేషనల్ రోమింగ్ ఉంటేనే. నాలుగు రోజులకు మించి ఉంటే ఎన్‌టీసీ గానీ ఎన్‌సెల్ గానీ సిమ్ తీసుకోండి. గుర్తింపు కార్డు, ఫొటో అడుగుతారు.

దళారులు చుట్టుముడతారట, నిజమేనా?

నిజమే. బస్సు దిగీ దిగకముందే "కాఠ్‌మాండూ, పోఖరా" అంటూ సంచి పట్టుకుంటారు. అందరూ మోసగాళ్ళు కారు, చాలామంది కమీషన్ మీద బతికే బీదవాళ్ళు. గట్టిగా, మర్యాదగా "వద్దు భయ్యా" అంటే వెళ్ళిపోతారు. నేను దెబ్బతిన్నది వేరేచోట. మొదటిసారి మావాళ్ళు తొమ్మిది మందిని తీసుకెళ్ళినప్పుడు ఒక ట్రావెల్స్ వాళ్ళ దగ్గర గోరఖ్‌పూర్ నుంచి కాఠ్‌మాండూ దాకా ఒకే బస్సు అని టికెట్లు కొన్నాను. సోనౌలిలో దింపేసి, "అవతల మా మనిషి ఉంటాడు" అన్నారు. అవతల ఎవరూ లేరు. మా పెద్దనాన్న మోకాళ్ళ నొప్పితో గేటు పక్కన అరుగు మీద మూడు గంటలు కూర్చున్నారు. ఆ మూడు గంటలు నేను ఆయన మొహం చూడలేకపోయాను. అప్పటి నుంచి ఒకే నియమం పెట్టుకున్నాను. సరిహద్దు దాకా ఒక టికెట్, దాటిన తర్వాత బేలహియాలోనో భైరహవా బస్ పార్కులోనో మరో టికెట్. అక్కడ బస్సును కళ్ళతో చూసి కొనవచ్చు.

ఇంకొక్క మాట. ఎంత అమాయకంగా కనిపించినా సరే, ముక్కూ మొహం తెలియని మనిషి సంచి పట్టుకుని గేటు దాటకండి.

అటూ ఇటూ జనం ఎలా ఉంటారు? భాష సమస్యా?

రెండు వైపులా భోజ్‌పురి మాట్లాడతారు, హిందీ అందరికీ వస్తుంది. అక్కడివాళ్ళు తమ సంబంధాన్ని "రోటీ-బేటీ" అంటారు. మన భాషలో కంచం పొత్తు, మంచం పొత్తు. నౌతన్వా పిల్లను భైరహవాలో ఇస్తారు, అటు పిల్లను ఇటు చేసుకుంటారు. పెళ్ళి ఊరేగింపు బ్యాండుతో సహా గేటు దాటడం నేను చూశాను.

అలాంటి జనానికి నిత్యం తలనొప్పి సరుకుల నిబంధన. సరిహద్దు నుంచి తెచ్చుకునే వస్తువుల విలువ వంద నేపాలీ రూపాయలు దాటితే పన్ను కట్టాలన్న రూలును 2023లో నేపాల్ గట్టిగా అమలు చేసింది. వంద నేపాలీ రూపాయలంటే మన అరవై రెండున్నర. ఇంటికి కిలో నూనె, పిల్లాడికి చొక్కా కొన్నా దాటిపోయే అంకె అది. అటు జనం నిరసనలు చేశారు. ఇటు సోనౌలి, నౌతన్వా దుకాణాలు వెలవెలబోయాయి. ఆ దుకాణాలకు కొనుగోలుదారులు ఎక్కువమంది నేపాలీలే. ఒక దేశపు కాగితం మీద గీత గీస్తే మరో దేశపు కిరాణా కొట్టు మూతపడుతుందని అక్కడే అర్థమైంది. మన దగ్గర 2020 లాక్‌డౌన్‌లో గరికపాడు చెక్‌పోస్టు దగ్గర రెండు తెలుగు రాష్ట్రాల జనం ఇరుక్కున్న రోజులు గుర్తున్నవాళ్ళకు ఈ బాధ వేరే చెప్పక్కర్లేదు.

గేటు దగ్గర ఆడవాళ్ళు కొందరు అమ్మాయిలను ఆపి మాట్లాడుతుంటారు, ఎవరు వాళ్ళు?

మనుషుల అక్రమ రవాణాను అడ్డుకునే సంస్థల వాళ్ళు. 1993లో అనురాధా కొయిరాలా స్థాపించిన మైతీ నేపాల్ వాటిలో పేరున్నది. మైతీ అంటే పుట్టిల్లు. ఉద్యోగమనో పెళ్ళనో మాయమాటలు చెప్పి కొండపల్లెల అమ్మాయిలను ఈ దారిలో తీసుకొచ్చి అమ్మేసే ముఠాలు ఉన్నాయి. సరిహద్దు తెరిచి ఉండటం వల్ల వచ్చిన కష్టం ఇది. వీళ్ళు పొద్దుటి నుంచి సాయంత్రం దాకా నిలబడి రిక్షాల్లో వచ్చేవాళ్ళ మొహాలు చూస్తారు. పక్కనున్న మగవాడి పేరు అమ్మాయికి తెలుసో లేదో, ఇద్దరూ ఒకటే ఊరి పేరు చెప్తున్నారో లేదో విడివిడిగా అడుగుతారు. మీ బృందంలో అమ్మాయిలుంటే మిమ్మల్నీ అడగవచ్చు. విసుక్కోకండి. నిదానంగా జవాబు చెప్పి ఒక నమస్కారం పెట్టి రండి. ఆ గేటు దగ్గర జరిగే పనులన్నిట్లోకీ గొప్ప పని వాళ్ళదే అని నా నమ్మకం.

సరిహద్దు ఒక్కసారిగా మూసేస్తే?

మూసేస్తారు. రెండు దేశాల్లో ఎక్కడ ఎన్నికలు జరిగినా పోలింగుకు ముందు రెండు మూడు రోజుల పాటు రాకపోకలు ఆపేస్తారు. కాబట్టి నేపాల్ ఎన్నికల తేదీలతో పాటు మహరాజ్‌గంజ్ ఎన్నికల తేదీలూ చూసుకోవాలి. 2020 మార్చిలో కోవిడ్ వల్ల నెలల తరబడి మూసేశారు. 2025 సెప్టెంబరులో నేపాల్‌లో యువత ఆందోళనలు చెలరేగినప్పుడు మన యాత్రికులు ఎంతోమంది లోపల చిక్కుకుపోయారు. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ప్రత్యేక విమానం పెట్టి కాఠ్‌మాండూ నుంచి తెలుగువాళ్ళను తీసుకొచ్చింది. అలాంటప్పుడు సరిహద్దు వైపు పరుగెత్తకుండా ఉన్నచోటే ఉండి, కాఠ్‌మాండూలోని మన రాయబార కార్యాలయానికీ ఇంటికీ కబురు చేయాలి. బృందంలో అందరి పేర్లు, కార్డు నంబర్లు ఉన్న కాగితం ఒకటి ఊళ్ళో ఎవరి దగ్గరైనా ఉంచి బయల్దేరండి.

సోనౌలి దాటాక కొండదారి భయమా?

భయం కాదు, జాగ్రత్త కావాలి. బుట్వల్ దాకా చదునే. అక్కణ్ణుంచి కొండలు. వానాకాలంలో, అంటే జూన్ చివర నుంచి సెప్టెంబరు దాకా, చరియలు విరుగుతాయి. 2024 జులైలో చిత్వన్ జిల్లాలో చరియ విరిగిపడి రెండు బస్సులు త్రిశూలి నదిలో కొట్టుకుపోయాయి. అదే ఏడాది ఆగస్టులో పోఖరా నుంచి కాఠ్‌మాండూ వెళ్తున్న ఉత్తరప్రదేశ్ బస్సు మర్స్యాంగ్దీ నదిలో పడి 27 మంది చనిపోయారు, వాళ్ళలో ఎక్కువమంది మహారాష్ట్ర యాత్రికులు. అందుకని ఆ నెలల్లో పెద్దవాళ్ళను తీసుకెళ్ళవద్దని బతిమాలుతున్నాను. మిగతా నెలల్లో కూడా పగలే ప్రయాణం చేయండి, కొండదారి తెలిసిన నేపాలీ డ్రైవర్‌ను పెట్టుకోండి. అక్టోబరు రెండో సగం, నవంబరు, మళ్ళీ మార్చి, ఏప్రిల్ మంచి రోజులు.

టైము లేదు, ఒక్కరోజే ఉంది. ఏం చూడవచ్చు?

లుంబినీ. భైరహవా నుంచి పాతిక కిలోమీటర్ల లోపే. మాయాదేవి గుడి, పుష్కరిణి, పక్కనే అశోకుడి స్తంభం. తన పట్టాభిషేకమైన ఇరవయ్యో ఏట అశోకుడు స్వయంగా వచ్చి, బుద్ధుడు పుట్టిన ఊరని పన్ను తగ్గించినట్టు ఆ స్తంభం మీద చెక్కి ఉంది. 1896లో అది బయటపడ్డాకే ఈ చోటు కచ్చితంగా తెలిసింది. మాయాదేవి పుట్టింటికి పోతూ దారిలో ప్రసవించిందని కథ. ఆ పుట్టిల్లు దేవదహ కూడా ఇదే జిల్లాలో ఉంది. మన అమరావతి శిల్పులు ఇంత దూరంలోని ఈ ఘట్టాన్ని పాలరాయిలా మెరిసే సున్నపురాయి మీద చెక్కారు. దేవతలు పట్టుకున్న వస్త్రం మీద పసివాడి అడుగుల గుర్తులు మాత్రమే ఉంటాయి, బిడ్డ కనిపించడు. ఆ ఫలకం ఇప్పుడు బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. దాని ఫొటో ఫోన్‌లో పెట్టుకుని వెళ్ళి, గుడి లోపల కాసేపు కూర్చుని చూడండి.

తిండి, బస?

బసకు సోనౌలి కన్నా భైరహవా నయం, గదులు శుభ్రంగా ఉంటాయి. తిండికి దాల్-భాత్ అడగండి. అన్నం, పప్పు, కూర, ఆకుకూర, పచ్చడి. అన్నం పప్పు మళ్ళీ మళ్ళీ వడ్డిస్తారు, మన భోజనం హోటల్ లాగే. పెరుగు విడిగా అడగాలి. ఊరగాయ సీసా ఇంటి నుంచి పట్టుకెళ్ళండి, మా పెద్దనాన్న దానితో హోటల్ వంటమనిషిని కూడా స్నేహితుణ్ణి చేసుకున్నారు.

తిరిగి వచ్చేటప్పుడు ఏమైనా చేయాలా?

కారు పర్మిట్ గేటు దగ్గర అప్పగించండి. మిగిలిన నేపాలీ నోట్లు అక్కడే మార్చేసుకోండి, గోరఖ్‌పూర్ దాటితే ఎవరూ తీసుకోరు. మన వైపు జవాన్లు సంచులు తెరిచి చూస్తారు. రుద్రాక్షలు, పూజ సామాను పైన పెడితే పని తొందరగా అవుతుంది. గడియారం పావుగంట వెనక్కి తిప్పడం గుర్తుంచుకోండి, నౌతన్వా రైలు మన టైముకే కదులుతుంది.